అక్షరానికి ఏడు రూపాయలు

ఫ్లెక్సు మిషను వచ్చాక
గునుపూరులో నాకు మిగిలినవి
లారీల వెనక నెంబర్లూ, సమాధుల మీద పేర్లూ.
అలాంటప్పుడు వచ్చింది కబురు:
వంశధార అవతల కొండ మీద బోర్డు రాయాలి.
మూడు భాషలు. అక్షరానికి ఏడు రూపాయలు.
ఒత్తులకి వేరే లెక్క లేదు.

ఒండియా సబర్ నా డబ్బాలు మోశాడు,
తెల్ల ఎనామెలు, రెడాక్సైడు, కిరసనాయిలు.
ఉడుత తోక కుంచెలు మాత్రం నేనే పట్టుకున్నాను.
దారి పొడుగునా మాట్లాడలేదతను,
ఎలుగ్గొడ్డు పెంట చూపించి నవ్వాడు తప్ప.

రాయి కింద నీడ. నీడలో గోడ.
గోడ మీద
        జింకలు.

భువనేశ్వర్ నుంచి వచ్చిన సుచరితా మహారణా మేడమ్
టార్చి వేసి చెప్పింది:
"చరిత్రకి పూర్వం. ఎనిమిదివేల ఏళ్ళు కావచ్చు, పదివేలు కావచ్చు."
చేతిలో పుస్తకం, కళల చరిత్రంట, ఆరొందల పేజీలు.
ఇలాంటి గోడలకి మొదటి పదకొండు.
పన్నెండో పేజీకి రాజులొచ్చేశారు.
పూర్వమంటే ఏటండీ అన్నాను.
"రాత లేని కాలం" అంది.
రాసి బతికేవాణ్ణి, ఏమనాలో తోచలేదు.
మా అబ్బాయి నన్నూ అలాగే అంటాడు: ఫ్లెక్సుకి పూర్వం.

ఆమె ఏళ్ళు లెక్కపెడుతుంటే నేను పని చూస్తున్నాను.
ఈ వెన్నుగీత ఒక్క ఊపులో లాగాడు.
ఇదిగో, ఇక్కడ రంగు అయిపోయింది, మళ్ళీ ముంచాడు,
అతుకు నాకు కనబడుతుంది, కస్టమరుకి కాదు.
వెనక కాలు తప్పు పడింది. చెరపలేదు.
పక్కనే ఇంకోటి వేసి పోయాడు,
నలభై ఏళ్ళలో నాకా ధైర్యం ఒక్కనాడూ రాలేదు.
పాత జింక మీద కొత్త జింక, దాని మీద తేనెపట్టు,
కింది కోటు గోకకుండా పై కోటు.
ఏ సేటు నిలబడ్డాడు నీ వెనక, తొందరగా కానీ అని?
ఎవడూ నిలబడలేదు. తెలుస్తోంది.

మూలగా, నా మోకాలి ఎత్తులో, ఒక చెయ్యి.
చెయ్యి కాదు. చెయ్యి ఆనించి, చుట్టూ ఎర్రమట్టి చిమ్మి,
చెయ్యి తీసేశాక మిగిలింది.
నేనూ రేకు కత్తిరించి
గోనెసంచుల మీద మిల్లు మార్కు వేసేటప్పుడు
పాత టూత్‌బ్రష్షు మీద బొటనవేలు లాగి చిమ్మేవాణ్ణి.
ఇక్కడ నోట్లో రంగు పట్టి ఊదారంట.
చిన్న చెయ్యి. ఆడమనిషిదో, పదేళ్ళ పిల్లదో.
అప్పటిదాకా "వాడు" అనుకుంటున్నాను నేను.

మీవాళ్ళేనా అని ఒండియాని అడిగాను.
"మా ఇంట్లో గోడ అలికి బియ్యప్పిండితో వేస్తాం,
పెద్దలొచ్చి కూర్చోడానికి. పాతబడితే మళ్ళీ వేస్తాం.
వీళ్ళు మళ్ళీ ఎందుకు రాలేదో" అన్నాడు,
పొరుగూరివాళ్ళు మాట తప్పినట్టు.
మేడమ్ అది రాసుకుంది. తర్వాత కొట్టేసింది.

మధ్యాహ్నానికి ఒడియా అక్షరాల గొడుగులు విప్పాను,
ఇంగ్లీషు నిలబెట్టాను, తెలుగుకి తలకట్లు కట్టాను.
"ఈ రాళ్ళపై గీయుట, వ్రాయుట శిక్షార్హమైన నేరము."
క్ష దగ్గర చెయ్యి వణికింది. తుడిచి మళ్ళీ వేశాను.
కింది మూలలో ఎప్పుడూ వేసే పైడయ్య ఆర్ట్స్, ఫోన్ నెంబరు
వద్దంది మేడమ్, గవర్నమెంటు బోర్డని.
అక్షరాలు లెక్కపెట్టింది. నూట ఇరవై ఆరు.
ఎనిమిదొందల ఎనభై రెండు.

వాళ్ళు దిగిపోయాక, బోర్డు పాతేముందు,
దాని వెనకవైపు, రాయికి ఎదురుగా ఉండే వైపు,
చెయ్యి ఆనించాను.
రెడాక్సైడు నోట్లో పట్టలేం, విషం.
సంచీలో టూత్‌బ్రష్షు ఉంది.
ఒండియా చూశాడు. బోర్డు కదలకుండా పట్టుకున్నాడు.
పరంజా మీంచి పడ్డప్పటి చిటికెనవేలు
వంకరగానే పడింది.

రాత్రి కిరసనాయిలుతో ఎంత రుద్దినా
అన్నం కలుపుతుంటే గోళ్ళచుట్టూ ఎరుపు.
మా ఆవిడ చెంచా తెచ్చి ఇచ్చింది.